నాగలోకపు గ్రంథము – పలనాటి శిల

పవిత్రగ్రంథములు లోకమునకు వచ్చిన విధమును గూర్చి చెప్పుకొను కథలు ఆ గ్రంథములంత ప్రాచీనములు. ఒకటి ఋషుల తపస్సున దర్శనమైనది. ఒకటి కొండశిఖరమున లభించినది. మరియొకటి దేవదూత నోట వినబడినది. ఇట్టి కథలలో మిక్కిలి విచిత్రమైనది, సముద్రగర్భమున నాగరాజు భాండాగారములో దాగి, తన్ను చదివి గ్రహింపగల మనుష్యుడు వచ్చువరకు వేచియున్న గ్రంథము కథ. ఆ గ్రంథము చెప్పు ముఖ్యవిషయము, ఈ జగత్తు కలవంటిది యని. దానిని నీటి అడుగునుండి పైకి తెచ్చినవానిగా చెప్పబడుచున్న నాగార్జునాచార్యుని పేర పలనాటిలో ఒక కొండ యున్నది. మాచర్లకు సమీపమున, కృష్ణ యొడ్డున నున్న నాగార్జునకొండయే అది.

ఈ కథలో ఎంత కల, ఎంత నిజము? ఈ ప్రశ్నకు చరిత్ర ఒక సమాధానము చెప్పును. ఆ గ్రంథమే మరియొక సమాధానము చెప్పును. విద్యార్థులను వెంటబెట్టుకొని నాగార్జునకొండకును, అనుపునకును పోవు ఉపాధ్యాయునకు ఈ రెండు సమాధానములును అవసరములే. ఒక్కటి మాత్రమే చెప్పినచో పిల్లవానికి సగమే చెప్పినట్లగును.

నాగరాజు భాండాగారము

నాగార్జునుని జీవితకథను చీనాభాషలో లోకమునకు అందించినవాడు కుమారజీవుడని ప్రసిద్ధి. ఈయన తండ్రి భారతీయుడు, తల్లి మధ్యాసియాలోని కూచా రాజవంశపు స్త్రీ. క్రీ.శ. 401లో చీనాదేశపు చాంగాన్ నగరమునకు చేరి, అక్కడనే సంస్కృతగ్రంథములను పెక్కింటిని అనువదించెను. ఈయన పేరనున్న కథ ప్రకారము నాగార్జునుడు దక్షిణదేశపు బ్రాహ్మణకుమారుడు. బాల్యముననే వేదములను వశము చేసికొనెను. తరువాత భిక్షువై త్రిపిటకమును తొంబది దినములలో చదివి ముగించెను. చదువుటకు ఇంకేమియు మిగులలేదు. అప్పుడాయనకు గర్వము పుట్టినది. తానే యొక క్రొత్త మతమును స్థాపించి, శిష్యులకు వేరు నియమములును, వేరు వస్త్రములును ఏర్పరుపవలెనని తలచెను.

అది చూచి మహానాగుడను బోధిసత్త్వుడు జాలిపడెను. అతనిని వెంటబెట్టుకొని సముద్రములోని తన భవనమునకు గొనిపోయి, రత్నఖచితములైన పెట్టెలను తెరచి, అందలి గంభీరసూత్రములను ముందుంచెను. నాగార్జునుడు మరల తొంబది దినములు చదివెను. చదువుట పూర్తియైనదా యని నాగుడు అడుగగా, ఇక్కడి పెట్టెలకు లెక్క లేదు, ఇంతవరకు చదివినదే జంబూద్వీపమున నున్నదానికి పదిరెట్లైనదని ఆయన బదులు చెప్పెనట. మొదటి తొంబది దినముల చదువు గర్వమును కలిగించినది. రెండవ తొంబది దినముల చదువు ఆ గర్వమును అణచినది. కథ కల్పితమే కావచ్చును గాని, చదువరి యైన ప్రతివానికిని ఇందలి మర్మము తెలియును.

టిబెట్టు చరిత్రకారులు ఈ గ్రంథము పేరును స్పష్టముగా చెప్పుదురు. అది లక్షశ్లోకముల ప్రజ్ఞాపారమిత. ఆచార్యుని పేరునకు సైతము చీనాకథ అర్థము చెప్పినది: తల్లి మద్దిచెట్టు క్రింద కన్నది గనుక అర్జునుడు, నాగుని వలన జ్ఞానము పరిపూర్ణమైనది గనుక నాగార్జునుడు. మద్దికి సంస్కృతమున అర్జునవృక్షమని పేరుండుట తెలుగు చదివినవారికి తెలిసినదే. నాగులు నిధులకు కాపరులను భావమును పలనాటివారికి ఎవరును క్రొత్తగా నేర్పనక్కరలేదు. కార్తికమున నాగులచవితినాడు పుట్టలో పాలు పోయని పల్లె అక్కడ అరుదు. కారెంపూడి వీరుల రణభూమి ప్రక్కన పారు ఏటి పేరే నాగులేరు. కావున సూత్రములు నాగుల భద్రతలో నుండెనన్న మాట ఆ నేలపై ఎప్పుడును వింతగా తోచియుండదు.

గ్రంథము చెప్పునదేమి?

నాగభవనము కథయే గాని, ప్రజ్ఞాపారమిత కథ కాదు. ఎనిమిదివేలు, పదునెనిమిదివేలు, ఇరువదియైదువేలు, లక్ష – ఇట్లు భిన్నపరిమాణములలో ఆ సూత్రములు నేటికిని ఉన్నవి. ఇవి పద్యములు కావు, వచనము. ముప్పదిరెండు అక్షరములను ఒక శ్లోకముగా లెక్కించి ఈ సంఖ్యలను ఏర్పరచిరి. గాంధారదేశపు భూర్జపత్రములపై ఖరోష్ఠీలిపిలో వ్రాయబడిన ఒక ప్రతిభాగము 2012లో ప్రకటింపబడినది. అది క్రీస్తుశకపు 1వ, 2వ శతాబ్దులదని పరీక్షలు తెలిపినవి. అనగా ఈ సూత్రములు నాగార్జునుని కాలమునకు ముందో, ఆ కాలముననో వాయవ్యదేశమున మనుష్యుల చేతిలోనే యుండినవి. ఈ కుటుంబమునకే చెందిన వజ్రచ్ఛేదిక యను చిన్నసూత్రపు చీనాముద్రణ క్రీ.శ. 868 నాటిది. తేదీతో లభించిన ముద్రితగ్రంథములలో అంతకంటె పాతది సంపూర్ణముగా దొరకలేదు. ఆ వజ్రచ్ఛేదిక ముగింపున గూడ సంస్కృతవస్తువులకు, అనగా కారణములచే కూర్పబడినవానికి, చెప్పిన ఉపమానములలో కల యొకటి.

ఎనిమిదివేల ప్రజ్ఞాపారమితలో ఒక ఘట్టమున్నది. ప్రాణులన్నియు మాయవంటివి, స్వప్నమువంటివి యని సుభూతి యను భిక్షువు దేవతలకు చెప్పుచుండును. దేవతలు క్రమముగా ఒక్కొక్కటి అడుగుదురు: ధర్మములన్నియు నట్టివేనా? బుద్ధత్వముకూడ నట్టిదేనా? నిర్వాణము సైతము నట్టిదేనా? అన్నింటికి సుభూతి అవుననియే చెప్పును. నిర్వాణముకంటె గొప్పది ఏదేని యుండినచో దానినిగూడ స్వప్నతుల్యమనియే చెప్పుదునని ముగించును. దేవతలకు కలిగిన ఆశ్చర్యము నేటి చదువరికిని కలుగును. లోకము కలయని చెప్పిన మతములు పెక్కు. తన మోక్షమునుగూడ ఆ జాబితాలో చేర్చిన గ్రంథము అరుదు.

ఈ సూత్రములందలి మాటను తర్కబద్ధము చేసినవాడు నాగార్జునుడు. ఆయన ప్రధానగ్రంథమైన మూలమధ్యమకకారికలో 27 ప్రకరణములు, సుమారు 450 శ్లోకములు కలవు. 7వ శతాబ్ది వాడైన చంద్రకీర్తి దీనికి ప్రసన్నపద యను వ్యాఖ్యను వ్రాసెను. ఆ వ్యాఖ్యలో నిలిచియుండుటవలననే మూలశ్లోకములు సంస్కృతమున మిగిలినవి. దానిని బెల్జియము పండితుడైన లూయీ ద లా వలె పూసేఁ పరిష్కరింపగా, 1903 మొదలు 1913 వరకు సెంట్ పీటర్స్‌బర్గులో ముద్రించిరి. కారికలోని 7వ ప్రకరణము పుట్టుక, నిలుకడ, నాశము అను మూడింటిని పరిశీలించి, తుదకు వానిని స్వప్నముతోను, మాయతోను, గంధర్వనగరముతోను పోల్చి ముగియును.

పడుగు, పేక

ఈ ఉపమానమును పైపైన విన్నవారు ఒక పొరపాటునకు లోనగుదురు. కల యనగానే ‘లేనిది’ యని అర్థము చేసికొని, నాగార్జునుడు జగత్తు శూన్యమనెను గనుక ఏమియు లేదన్నాడని నిందింతురు. ఆయన జీవితకాలముననే ఈ నింద వచ్చియుండవలెను; ఏలయన దానికి సమాధానముగా ఆయన విగ్రహవ్యావర్తని యను మరియొక చిన్నగ్రంథమును రచించెను. కారికలు సుమారు 70. వానికి వ్యాఖ్యయు ఆయనదే యని సంప్రదాయము. దాని సంస్కృతప్రతిని రాహుల సాంకృత్యాయనుడు టిబెట్టులోని యొక మఠమున 1936లో కనుగొనెను. మరుసటి సంవత్సరము కాశీప్రసాద జాయస్వాలుతో కలిసి దానిని ప్రకటించెను. పుస్తకములు దాగియుండి తిరిగి లభించుట పురాణకథలలోనే కాదు, 20వ శతాబ్దిలోను జరిగినది.

ఆ గ్రంథములో ప్రతివాది వేయు ప్రశ్న పదునైనది: అన్నియు శూన్యమైనచో నీ మాటయు శూన్యమే, శూన్యమైన మాట దేనిని ఖండింపగలదు? దీనికి నాగార్జునుడిచ్చిన సమాధానములో బండి, కుండ, బట్ట అను మూడు సామాన్యవస్తువులు వచ్చును. ఇవి కారణములనుబట్టి కలిగినవి. కావున వీనికి స్వభావము, అనగా తమంతట తామే నిలుచు తత్త్వము లేదు. అయినను బండి కట్టెలను, గడ్డిని, మట్టిని మోయును. కుండ తేనెను, నీటిని, పాలను పట్టియుంచును. బట్ట చలిని, గాలిని, ఎండను వారించును. అట్లే శూన్యమైన మాటయు తన పనిని తాను చేయునని ఆయన భావము.

పలనాటి నల్లరేగడి పత్తికి పుట్టినిల్లు. ఆ పత్తిని ఏకి, వడికి, నూలు తీసి, పడుగు వేసి, పేక పోసి నేసినదే బట్ట. పడుగుదారములను ఒక్కొక్కటిగా తీసి ప్రక్కన పెట్టుడు. పేకదారములను గూడ తీయుడు. దారములన్నియు ఉన్నవి, బట్ట ఎక్కడ? దారములకంటె వేరుగా బట్ట యనునది ఎప్పుడును లేదు. పోనీ దారములే నిజమందమా? దారమును విప్పినచో దూది. దూదికి వెనుక చెట్టు, చెట్టునకు వెనుక వాన, నేల, రైతు చెమట. ఎక్కడను ‘ఇదిగో, ఇది మాత్రము తనంతట తానే యున్నది’ యని వ్రేలుపెట్టి చూపుటకు వీలులేదు. అయినను బట్ట కట్టుకొన్నవానికి చలి తగ్గుట అబద్ధము కాదు. ఇదియే శూన్యతకు అర్థము. లేకపోవుట శూన్యత కాదు. ఒంటరిగా లేకపోవుట శూన్యత. కారికలోని 24వ ప్రకరణమున నాగార్జునుడు ప్రతీత్యసముత్పాదమునే, అనగా ఒకదానినిబట్టి మరియొకటి కలుగుటనే, శూన్యతయనియు, మధ్యమమార్గమనియు చెప్పెను.

ఇప్పుడు కలను గూర్చి ఆలోచింపుడు. కలలో ఏనుగు తరిమినది. మేల్కొన్నవాడు, ఆ ఏనుగు గదిలో ఎక్కడనున్నదని వెదకడు. అయినను గుండె దడదడ కొట్టుకొనినది, ఒడలు చెమర్చినది. ఆ కలకు కారణములున్నవి. పగలు చూచినదో, విన్నదో, భయపడినదో యుండును. ఆ కలకు ఫలితములును ఉన్నవి. కారణము కలదు, కార్యము కలదు, నడుమ పట్టి చూపదగిన ఏనుగు మాత్రము లేదు. జగత్తునకు కల ఉపమానమగుట ఇందుచేతనే. కనిపించుట, పనిచేయుట అబద్ధము కాదు; కనిపించినది తనంతట తానే నిలిచియున్నదని తలచుటయే భ్రమ.

స్వప్నోపమానమును వాడినవాడు నాగార్జునుడొక్కడే కాడు. కాని అందరును ఒకే అర్థమున వాడలేదు. విజ్ఞానవాదియైన వసుబంధుడు వింశతికలో కలను చూపి, బాహ్యవస్తువు లేకయే అనుభవము కలుగునని వాదించి, చిత్తమును మిగిల్చెను. గౌడపాదుడు మాండూక్యకారికలోని వైతథ్యప్రకరణమున జాగ్రత్స్వప్నములు రెంటిని సమముగా త్రోసి, వానికి ఆధారమైన ఆత్మను మిగిల్చెను. శంకరాచార్యులు బ్రహ్మసూత్రభాష్యమున విజ్ఞానవాదమును ఖండించుచు, కల మేల్కొనగానే బాధితమగును గాని జాగరము అట్లు కాదని వేరుచేసి చూపిరి. గౌడపాదునికి బౌద్ధులతో గల సామ్యమును 1943లో విధుశేఖర భట్టాచార్యులు విపులముగా చర్చించిరి. దానిపై వాదోపవాదములు నడచినవి. నాగార్జునుని ప్రత్యేకత యేమనగా, కలను త్రోసిన తరువాత కలగన్నవానిని గూడ ఆయన విడిగా నిలుపలేదు. కలయు, కలగన్నవాడును ఒకరినొకరు ఆశ్రయించియే యున్నారు – పడుగు, పేకల వలె.

దాహమునకు నీరు

అన్నియు కలవంటివైనచో మంచి యేమి, చెడు యేమి? ఆకలిగొన్నవానికి అన్నము పెట్టనేల? ఈ ప్రశ్న వేయని విద్యార్థి యుండడు. వేయకున్నచో ఉపాధ్యాయుడే వేయింపవలెను. నాగార్జునుడు దీనికి రెండు సత్యములను చెప్పెను: లోకవ్యవహారమున చెల్లునది సంవృతిసత్యము, పరిశీలనకు తుదిని తేలునది పరమార్థసత్యము. వ్యవహారమును ఆశ్రయింపక పరమార్థమును ఉపదేశించుట సాధ్యము కాదని ఆయన మతము. మెట్లను కూలగొట్టి మేడ యెక్కుట కుదరదు గదా!

ఆయన మాటలు తర్కమున మాత్రమే యుండలేదు. ఆయన పేరనున్న రత్నావళి ఒక రాజునకు చేసిన ఉపదేశము. సుహృల్లేఖ ఒక శాతవాహనరాజునకు వ్రాసిన లేఖయని సంప్రదాయము. 7వ శతాబ్దిలో వచ్చిన చీనాయాత్రికుడు ఇత్సింగు, ఈ లేఖను భారతదేశమున విద్యార్థులు కంఠస్థము చేయుచుండిరని వ్రాసెను. రత్నావళిలో రాజునకు చెప్పిన పనులు మిక్కిలి లౌకికములు. బాటసారులకు సత్రములు కట్టింపుమనియు, నీరులేని దారులలో నీటి వసతి కల్పింపుమనియు, రోగులను, అనాథలను, దీనులను ఆదరింపుమనియు ఆయన చెప్పెను. ప్రపంచము స్వప్నతుల్యమని వాదించిన కలమే, ఎండకాలపు బాటలో చలివేంద్రమును మరువలేదు. నీటి యెద్దడిని తరతరములుగా ఎరిగిన పలనాటివారికి ఈ ఉపదేశము యొక్క విలువను వివరింప నక్కరలేదు. స్వప్నతుల్యమైన దాహమునకు స్వప్నతుల్యమైన నీరే కావలెను; కాని కావలెను.

ఉపాధ్యాయుడు చూచిన స్తంభము

ఇక చరిత్ర చెప్పు సమాధానము. 1926లో నాగార్జునకొండ లోయలో ఒక ప్రాచీనస్తంభమును చూచి, దాని సంగతిని మద్రాసు ప్రభుత్వమునకు తెలియజేసినవారు స్థానికుడైన పాఠశాలోపాధ్యాయుడు సూరపరాజు వేంకటరామయ్యగారు. వారు తవ్వకములు చేసినవారు కారు. రాతిపై నున్న వ్రాత వెనుక ఏదో యున్నదని గ్రహించి, తెలిసినవారికి తెలియజేసిరి. అంతే. ఆ చిన్నపని వెంట మద్రాసు శాసనశాఖనుండి రంగస్వామి సరస్వతిగారు వచ్చిరి, ఫ్రెంచి పండితుడు జూవో దుబ్రేయ్ వచ్చెను, 1927 మొదలు 1931 వరకు లాంగ్‌హర్‌స్ట్ తవ్వకములు జరిపెను, 1938లో టి.ఎన్. రామచంద్రన్ గారు కొనసాగించిరి.

వారు బయల్పరచినది ఇక్ష్వాకురాజుల రాజధానియైన విజయపురి. శ్రీపర్వతమను పేరు శాసనములలో వచ్చును. క్రీ.శ. 3వ శతాబ్ది మొదలు 4వ శతాబ్ది తొలినాళ్ళవరకు శాంతమూలుడు, వీరపురుషదత్తుడు, ఎహువుల శాంతమూలుడు, రుద్రపురుషదత్తుడు అచట ఏలిరి. శాంతమూలుడు అశ్వమేధము చేసినవాడు. ఆయన సోదరి చాంతిసిరి బౌద్ధమహాచైత్యమునకు ముఖ్యదాత. చక్రాకారమున ఇటుకగోడలు అమర్చి కట్టిన ఆ చైత్యపు వ్యాసము సుమారు 106 అడుగులు. లాంగ్‌హర్‌స్టుకు దానియందు స్వర్ణపేటికలో లభించిన చిన్న అస్థిధాతువు 1932లో సారనాథమునకు చేరినది. బోధిసిరి యను ఉపాసిక వేయించిన శాసనములో కాశ్మీర, గాంధార, చీన, తోసలి, వంగ, వనవాసి, యవన, ద్రవిడ, తామ్రపర్ణి మున్నగు దేశములవారికి ధర్మమును బోధించిన ఆచార్యుల ప్రశంస కలదు. కృష్ణాతీరపు ఈ లోయకు ఎంత విశాలమైన లోకము తెలిసియుండెనో ఆ పేర్లే చెప్పును.

ఇన్ని శాసనములు లభించినవి. అపరమహావినసేలీయులు, బహుశ్రుతీయులు, మహీశాసకులు, సింహళపు థేరవాదులు – ఇట్లు పెక్కు శాఖల విహారములు బయల్పడినవి. కాని ఇక్ష్వాకుల శాసనములలో శూన్యవాదియైన నాగార్జునుని పేరు ఎక్కడను లేదు. కొండకు నాగార్జునుని పేరు తరువాతికాలపు సంప్రదాయమున వచ్చినది. హ్యూయన్‌త్సాంగు 7వ శతాబ్దిలో ఆంధ్రదేశమును చూచినవాడే. అయినను శాతవాహనరాజు నాగార్జునునకై తొలిపించిన గుహావిహారమును దక్షిణకోసలమున చెప్పెను. అయినను కృష్ణాతీరము ఈ పేరును ఎరుగనిది కాదు. జగ్గయ్యపేటలో లభించిన, సుమారు 6వ శతాబ్ది లిపిలోనున్న శాసనమున భదంత నాగార్జునాచార్యుడు, ఆయన శిష్యుడు జయప్రభాచార్యుడు, వాని శిష్యుడు చంద్రప్రభుడు అను పరంపర కనిపించును. కావున ‘నాగార్జునుడు ఇచ్చటనే బోధించెను’ అనుట సంప్రదాయము. ‘ఆయన పేరును గౌరవించిన నేల ఇది’ అనుట శాసనసిద్ధము. మొదటి వాక్యమును రెండవ వాక్యముగా చెలామణి చేయరాదు. రెండవది దొరికినదని మొదటిదానిని ఎగతాళి చేయనక్కరలేదు.

రాతిలో కల

నాగార్జునకొండ శిల్పములలో ఒక దృశ్యము మరల మరల కనిపించును. మాయాదేవి శయనించియుండును; తెల్లని ఏనుగు ఆమె గర్భమును ప్రవేశించుటకై దిగివచ్చును. దాని ప్రక్కనే శుద్ధోదనుని కొలువులో బ్రాహ్మణులు ఆ కలకు అర్థము చెప్పుచుందురు. ఒక స్త్రీ ఒక రాత్రి కన్న కల అది. అంతకంటె పట్టుటకు వీలులేనిది మరియొకటి లేదు. దానిని చెక్కినది పలనాటి సున్నపురాతిపై. అంతకంటె గట్టిగా చేతికి తగులునది మరియొకటి లేదు. 1,700 సంవత్సరములకు పైగా ఆ కల ఆ రాతిలో నిలిచినది. ఆ రాయియు ఆ కలవలననే విలువ సంపాదించినది. కల లేనిచో ఆ రాయి పలనాటి గనులలోని వేల రాళ్లలో ఒకటియై, సున్నపుబట్టీకి పోయియుండెడిది. రాయి లేనిచో ఆ కల మనుష్యుల కంటికి ఇన్నాళ్లు కనిపించియుండదు.

నేలకును అట్టి పరీక్షయే వచ్చినది. 1955 డిసెంబరు 10వ తేదీన ప్రధాని జవహర్‌లాల్ నెహ్రూ నాగార్జునసాగరమునకు శంకుస్థాపన చేసిరి. ఆనకట్ట పూర్తియైనచో లోయ అంతయు మునుగును. అందువలన 1954 మొదలు 1960 వరకు ఆర్. సుబ్రహ్మణ్యంగారి ఆధ్వర్యమున లోయనంతయు తవ్వి చూచిరి; పాతరాతియుగము మొదలు మధ్యయుగమువరకు గల ఆనవాళ్లు లభించినవి. తొమ్మిది కట్టడములను రాయి రాయిగా విప్పి తెచ్చి మరల కట్టిరి. కొన్నింటికి నమూనాలు నిర్మించిరి. కొండశిఖరము ద్వీపమైనది, 1966లో అక్కడ ప్రదర్శనశాల తెరువబడినది. తీరమున అనుపువద్ద మెట్లతోనున్న రంగస్థలమును పునర్నిర్మించిరి. పుల్లారెడ్డిగూడెము వంటి పల్లెల వారు ఇండ్లు విడిచి లేచిపోయిరి. 1967లో కాలువలకు నీరు వదలిరి. కుడికాలువ నీటితో పలనాటి మెట్టనేలలు పచ్చపడినవి. ఒకరి ఊరు మునుగుటయు, వేరొకరి పొలము తడియుటయు ఒకే నీటివలన జరిగినవి. ప్రతీత్యసముత్పాదమునకు ఉదాహరణము వెదకువారు గ్రంథము విప్పనక్కరలేదు. కుడికాలువ గట్టున నిలిచి చూచిన చాలును.

నీటి అడుగునుండి గ్రంథము వచ్చినదన్నది కథ. ఆ కథను పేరులో ధరించిన లోయ నీటి అడుగునకు పోయినదన్నది చరిత్ర. మునిగిన విజయపురి నేడు కలయా, నిజమా? చూచుటకు లేదు, కాని శాసనములున్నవి, తవ్వకముల నివేదికలున్నవి, పటములున్నవి, విప్పి కట్టిన ఇటుకలున్నవి. అవన్నియు కలిసియే విజయపురి. వానిలో ఏ యొక్కటి తప్పుగా చెప్పినను ఆ నగరపు బట్టలో ఒక పోగు తెగిపోవును. ఆ పోగులను కాపాడువారు పురావస్తుశాఖవారు మాత్రమే కారు. ఐదవ తరగతి పిల్లవానికి ‘ఇది శాసనములో నున్నది, ఇది పెద్దలు చెప్పుకొన్నది’ యని వేరుచేసి చెప్పు ఉపాధ్యాయుడును వారిలో ఒకడు.

పలనాటివారికి ఈ వివేకము క్రొత్తది కాదు. ఏటేట కార్తికమాసమున కారెంపూడిలో వీరుల ఉత్సవము జరుగును. బాలచంద్రుని కథ విని కంటనీరు పెట్టుకొనినవాడే, శ్రీనాథుని పేర ప్రసిద్ధమై 1911లో అక్కిరాజు ఉమాకాంతముగారు ప్రకటించిన పల్నాటి వీరచరిత్రను చేతబట్టి, ఇందులో చరిత్ర యెంత, కవిత్వమెంత యని చర్చించును. కన్నీరు చర్చకు అడ్డురాలేదు. చర్చ కన్నీటిని ఆర్పలేదు. నాగలోకపు గ్రంథమునుగూడ అట్లే చదువవలెను. కథను కథగా చెప్పి పిల్లల కన్నులు విప్పారునట్లు చేయవలెను. పిమ్మట 1926 నాటి ఆ స్తంభమును గూర్చి చెప్పి, దారిలో కనిపించిన రాతిని ఆగి చూచుట నేర్పవలెను. అట్లు ఆగి చూచిన ఉపాధ్యాయుడొకరు లేకుండినచో, లోయ మునుగుటకు ముందే దానిని తవ్వవలెనన్న తలంపు ఎవరికి కలిగియుండునో చెప్పుట కష్టము.